ఫ్యాన్‌సబ్ గ్రూపులో, అంటే అభిమానులే సబ్‌టైటిల్స్ చేసే గ్రూపులో, పనిచేసినవాళ్లు ఎవరైనా ఉన్నారా? అనిమేకి (జపాన్ యానిమేషన్‌కి) ఇంగ్లీష్ సబ్‌టైటిల్స్ ఎలా చేసేవారు?

నేను చేశాను. 2008లో హైదరాబాద్‌లో హాస్టల్లో ఉంటూ ఒక ఇంగ్లీష్ గ్రూపుకి టైమర్‌గా ఉన్నాను. ట్రాన్స్‌లేటర్ ఒక దేశం, ఎడిటర్ ఇంకో దేశం. ఒకరి ముఖం ఒకరు చూసింది లేదు, ఎవరికీ పైసా రాదు. అమెరికాలో ఏదైనా కంపెనీ లైసెన్స్ తీసుకుంటే ఆ సిరీస్ అక్కడితో ఆపేసేవాళ్లం.

ఏజీసబ్ అనే సబ్‌టైటిల్ సాఫ్ట్‌వేర్‌లో ఆడియో గీతలు చూస్తూ ప్రతి డైలాగ్ ఎక్కడ మొదలై ఎక్కడ ఆగుతుందో పట్టుకోవడం టైమర్ పని. షాట్ మారాక కూడా పాత లైను క్షణంపాటు తెర మీద మిగిలితే కంటికి కొట్టొచ్చినట్టు తెలుస్తుంది. అందుకే లైను చివరను సరిగ్గా షాట్ మారే ఫ్రేముకి తెచ్చి ఆపాలి.

ఒక రాత్రి ఒక్క లైను దగ్గర ఇరుక్కుపోయాం. హీరో స్నేహితుడితో "ఒరె వ ఒమాయె ఒ..." అని ఆగిపోతాడు. రెండు సెకన్లు గాలి చప్పుడు. తర్వాత "యురుసనై". ఇంగ్లీష్‌లో "ఐ విల్ నెవర్ ఫర్‌గివ్ యూ" అని మొత్తం ఒకేసారి వేస్తే, వాడు అనకముందే చూసేవాళ్లకి తెలిసిపోతుంది. నేను రెండుగా విడగొట్టాను, ఎడిటర్ మళ్లీ కలిపేశాడు. తెల్లవారుజాము దాకా అదే గొడవ.

అప్పుడు నాలో నేను తెలుగులో అనుకుని చూశాను: "నేను నిన్ను... క్షమించను." ఎక్కడికక్కడ సరిపోయింది! "ఒమాయె" అంటే నువ్వు, దాని వెనక "ఒ" చేసే పని "నిన్ను"లో ఉంది. "నై" అనే లేదనడం కూడా మన క్రియలాగే చివరి అక్షరాల్లో ఉంది. మౌనం పడాల్సిన చోటే పడింది.

అప్పటినుంచి నా మాట ఒక్కటే. జపనీస్‌కి తెలుగు సబ్‌టైటిల్స్ కుదిరినంత బాగా ఇంగ్లీష్‌వి ఎప్పటికీ కుదరవు. "నీసాన్" అన్నచోట ఇంగ్లీష్‌వాళ్లు పేరు పెట్టేస్తారు. తమ్ముడు అన్నని పేరు పెట్టి పిలవడమేంటండీ? "అన్నయ్యా" అంటే అయిపోయె.

2009 జనవరిలో క్రంచీరోల్ అనే స్ట్రీమింగ్ సైటు నరుటో షిప్పుడెన్ అనే అనిమేని అధికారికంగా పెట్టడం మొదలుపెట్టాక మాలాంటి గ్రూపులు పల్చబడ్డాయి. మేకర్స్‌కి డబ్బు వెళ్తుంది, మంచిదే. కానీ అధికారిక సబ్‌టైటిల్స్‌లో గోడ మీద బోర్డు, చేతిలో ఉత్తరం ఏం రాసుందో చెప్పకుండా వదిలేస్తే ఇప్పటికీ నాకు ఒళ్లు మండుతుంది. మేమైతే బోర్డు రంగులోనే, అదే వాలులో ఇంగ్లీష్ అక్షరాలు కూర్చోబెట్టేవాళ్లం.

తెలుగు సబ్‌టైటిల్స్ అధికారికంగా చేయించే కంపెనీ ఏదైనా ఉంటే కింద చెప్పండి. టైమింగ్ నేను చేసిపెడతాను.