సుడో కొట్టే ముందు ఆ ఫైలు ఎవరిదో చూడండి

ప్రశ్న: సార్, మేం నలుగురం ఫైనలియర్ ప్రాజెక్టు కింద ఎనుమాముల మార్కెట్‌లో మిర్చి, పత్తి ధరలు రోజూ చూపించే ఆండ్రాయిడ్ యాప్ చేస్తున్నాం. నాది ఉబుంటు లినక్స్, మిగతా ముగ్గురిదీ విండోస్. ఫ్రెండ్ ప్రాజెక్టును జిప్ చేసి పంపింది. టెర్మినల్‌లో, యాప్‌ను బిల్డ్ చేసే గ్రేడిల్‌డబ్ల్యూ ఫైలును నడిపితే ‘పర్మిషన్ డినైడ్’ అంది. ముందు అడ్మిన్ హక్కులతో నడిపించే సుడో తగిలించినా కాలేదు, నెట్‌లో చూసి సుడో బాష్ అని రెండూ తగిలిస్తే బిల్డ్ అయింది. అప్పటి నుంచి సుడో లేకుండా ఏదీ నడవట్లేదు, ఆండ్రాయిడ్ స్టూడియోలోనైతే బిల్డ్ అస్సలు కావట్లేదు. హాస్టల్ సీనియర్లేమో ఫోల్డర్ మొత్తానికి 777 పెట్టమంటున్నారు. రివ్యూ దగ్గరపడింది. సిస్టమ్ ఫార్మాట్ చేయాలా?
– ఒక విద్యార్థిని, హన్మకొండ

జవాబు: ఫార్మాట్ వద్దమ్మా, 777 అసలే వద్దు. టెన్షన్ పడకుండా ఇది చదవండి, ఈ సాయంత్రమే సరైపోతుంది.

మొదట వచ్చిన ఎర్రర్ చాలా చిన్నది. లినక్స్‌లో ప్రతి ఫైలుకూ చదవడం, రాయడం, నడపడం అని మూడు అనుమతులు ఉంటాయి. గ్రేడిల్‌డబ్ల్యూ నడపాల్సిన స్క్రిప్టు కాబట్టి దానికి మూడోది, అంటే ‘ఎక్స్’, ఉండాలి. విండోస్‌లో ఫైలుకు ఈ ఎక్స్ అనేదే ఉండదు, అందుకే అక్కడ కట్టిన జిప్‌లో అది మీదాకా రాలేదు. ఎక్స్ లేని ఫైలును అన్ని హక్కులూ ఉండే రూట్ యూజర్ కూడా నేరుగా నడపలేడు. మీరు ఉత్త సుడో కొట్టినప్పుడు కాకపోవడానికి కారణం అదే. బాష్ తగిలించాక ఎందుకు అయిందంటే, అప్పుడు నడిచేది స్క్రిప్టులను చదివి అమలు చేసే బాష్, గ్రేడిల్‌డబ్ల్యూను అది చదువుకుంటుంది అంతే, చదవడానికి ఎక్స్ అక్కర్లేదు. అంటే ఆ రోజు బాష్ ఒక్కటి పెట్టినా సరిపోయేది. సుడో చేసిన మేలేమీ లేదు, ఇప్పుడు మీరు పడుతున్న ఇబ్బంది అంతా దానివల్ల వచ్చిందే.

ఎలాగంటే, సుడోతో నడిపిన ప్రోగ్రాం ఏ ఫైలు సృష్టించినా దానికి ఓనర్ రూట్ అవుతాడు. గ్రేడిల్ మీ ప్రాజెక్టులో డాట్ గ్రేడిల్ ఫోల్డరు, బిల్డ్ ఫోల్డర్లు తయారు చేసింది, అవన్నీ రూట్ పేరు మీద పడ్డాయి. ఆండ్రాయిడ్ స్టూడియో మామూలుగా మీ పేరుతో నడుస్తుంది కదా, పాత బిల్డ్ తీసేసి కొత్తది రాయబోతే దానికి హక్కు లేదు. మీకు కనిపించే ఎర్రర్‌లో ‘ఫైల్‌హ్యాషెస్ డాట్ లాక్’ అనో, ‘అనేబుల్ టు డిలీట్ డైరెక్టరీ’ అనో ఉందేమో చూడండి, ఉంటే సరిగ్గా ఇదే.

నమ్మకం కుదరాలంటే ప్రాజెక్టు ఫోల్డర్లోకి వెళ్లి ఎల్‌ఎస్ అని కొట్టి, ఖాళీ వదిలి, హైఫన్ ఎల్‌ఏ అనండి. ఒక్కో వరుసలో మొదట ఆర్, డబ్ల్యూ, ఎక్స్ అక్షరాలు వస్తాయి, మూడో గడిలో ఓనర్ పేరు ఉంటుంది. మీ పేరు ఉండాల్సిన చోట రూట్ అని కనిపిస్తే జబ్బు దొరికినట్టే. పర్మిషన్ అన్న మాట ఎక్కడ కనబడ్డా ముందు చూడాల్సింది ఈ గడినే అని నేను గట్టిగా చెబుతాను. ఇది చూడకుండా కొట్టే కమాండ్ ఏదైనా గుడ్డిగా కొట్టేదే.

ఇక బాగు చేయడం. స్టూడియో మూసేసి, సిస్టమ్ ఒకసారి రీస్టార్ట్ చేయండి, రూట్ పేరుతో వెనకాల ఇంకా నడుస్తున్న గ్రేడిల్ ఉంటే పోతుంది. తర్వాత సుడో సీహెచ్‌ఓన్ అని, హైఫన్ పెద్ద ఆర్, మీ యూజర్ పేరు, చివర ప్రాజెక్టు ఫోల్డర్ పేరు ఇవ్వండి. ఫోల్డర్‌తో పాటు లోపలున్నవన్నీ మళ్లీ మీవవుతాయి. సుడో నిజంగా అవసరమయ్యేది ఈ ఓనర్ మార్చే పనికే. అయితే ఎంటర్ కొట్టే ముందు చివర రాసిన ఫోల్డర్ పేరు రెండుసార్లు చూసుకోండి, ఎందుకంటే పొరపాటున ఉత్త స్లాష్ అనో యూఎస్ఆర్ అనో పడిందంటే సిస్టమ్ ఫైళ్లన్నిటికీ ఓనర్ మారిపోయి చివరికి సుడో కూడా పనిచేయకుండా పోతుంది, అప్పుడు మాత్రం నిజంగానే ఫార్మాట్ దాకా వస్తుంది. ఓనర్ మారాక సీహెచ్‌మాడ్ ప్లస్ ఎక్స్ అని గ్రేడిల్‌డబ్ల్యూ పేరు ఇవ్వండి, దానికి సుడో అక్కర్లేదు. హోమ్‌లో యాప్ తయారీ సరంజామా ఉండే ఆండ్రాయిడ్ ఎస్‌డీకే ఫోల్డర్ లోపల కూడా ఓనర్ పేర్లు ఒకసారి చూడండి. ఆ రోజు బిల్డ్‌కు ఏదైనా ప్యాకేజీ తక్కువై గ్రేడిల్ తనే దించుకుని ఉంటే అదీ రూట్ పేరు మీదే ఉంటుంది, దాన్నీ ఇలాగే మీ పేరుకు మార్చుకోండి.

ఇంకో రెండు విషయాలు మీకు ఎదురవుతాయి, ముందే చెబుతున్నా. సుడోతో నడిపినప్పుడు గ్రేడిల్ మీ హోమ్ వదిలేసి రూట్ హోమ్‌లో అంతా మళ్లీ డౌన్‌లోడ్ చేసుకుంటుంది, యాప్ మీద సంతకం వేయడానికి వాడే డీబగ్ కీస్టోర్ కూడా అక్కడే కొత్తది తయారవుతుంది. కాబట్టి ఆ రోజు ఫోన్‌లోకి ఎక్కించిన యాప్ సంతకం వేరు, ఇప్పుడు స్టూడియో చేసే యాప్ సంతకం వేరు, సంతకాలు కలవట్లేదని ఇన్‌స్టాల్ ఆగిపోతుంది. ఫోన్‌లో పాత యాప్ తీసేసి మళ్లీ ఎక్కించండి, కొత్త ఎర్రర్ వచ్చిందని బెంబేలెత్తకండి. రెండోది, జిప్‌లో లోకల్ డాట్ ప్రాపర్టీస్ అనే ఫైలు వచ్చి ఉంటే అందులో మీ ఫ్రెండ్ సీ డ్రైవ్ దారి ఉంటుంది. అది తీసేసి ప్రాజెక్టును స్టూడియోలో తెరవండి, మీ దారితో అదే రాసుకుంటుంది.

777 ఎందుకు వద్దన్నానంటే, చదవడానికి 4, రాయడానికి 2, నడపడానికి 1, మొత్తం 7, అది ఓనర్‌కూ గ్రూపుకూ మిగతా అందరికీ ఇచ్చేయడమే 777. ఓనర్ రూట్‌గానే ఉండిపోతాడు, మళ్లీ సుడోతో బిల్డ్ చేశారంటే మళ్లీ ఇదే ఇబ్బంది. పైగా, ఎవరు ఏ ఫైలు మార్చారో లెక్క పెట్టే గిట్ వాడుతుంటే, అది ప్రతి ఫైలులోనూ ఎక్స్ వచ్చిందని గమనించి ప్రాజెక్టు మొత్తం మారినట్టు చూపిస్తుంది, మీ నలుగురిలో ఎవరు నిజంగా ఏం మార్చారో ఆ గందరగోళంలో రివ్యూలో చూడటం కష్టమవుతుంది. ఇంకొందరు ఏకంగా హోమ్ ఫోల్డర్‌కే 777 కొడతారు, అప్పుడు వేరే కంప్యూటర్లలోకి లాగిన్ అయ్యే ఎస్ఎస్‌హెచ్ తాళంచెవి అందరికీ తెరిచి ఉందని ఆ ప్రోగ్రామే దాన్ని వాడనంటుంది. దానికి ఉండాల్సింది 600.

ఇకమీదట జిప్‌లు పంపుకోవడం మానేసి నలుగురూ గిట్‌లోనే పనిచేయండి. విండోస్‌లో ఉన్న మీ ఫ్రెండ్‌ను గిట్ అప్‌డేట్ ఇండెక్స్ కమాండ్‌తో గ్రేడిల్‌డబ్ల్యూకు ఒక్కసారి ఎక్స్ పెట్టి కమిట్ (ఆ మార్పును గిట్‌లో నమోదు) చేయమనండి, ఆ తర్వాత ఎవరు ఎక్కడ దించుకున్నా అది దానితోపాటే వస్తుంది.

ప్రశ్న: అన్నా, మా బాపు మార్కెట్‌లో ఇచ్చిన తక్‌పట్టీలు (సరుకు తూకం, డబ్బు రాసిచ్చే చీటీలు) ఎక్కడో పెట్టి మర్చిపోతాడు. వాటిని ఫొటో తీసి ఒక ఫోల్డర్‌లో దాచే చిన్న యాప్ చేశాను. బాపు పాత ఫోన్ ఆండ్రాయిడ్ 9, అందులో బాగానే పనిచేసింది. కొత్త ఫోన్ కొన్నాక, స్టోరేజ్ పర్మిషన్ ఇచ్చినా సేవ్ కొడితే పర్మిషన్ డినైడ్ అని ఆగిపోతుంది. కంప్యూటర్‌లో అన్ని పర్మిషన్లూ మార్చి చూశాను.
– ఒక పాఠకుడు, జగిత్యాల

జవాబు: తమ్ముడూ, కంప్యూటర్ జోలికి పోకు, ఈ ఎర్రర్ ఫోన్ చెబుతున్నది. మాట ఒకటే అయినా కాపలా వేరు. 2019లో ఆండ్రాయిడ్ 10తో స్టోరేజ్ పద్ధతి మారింది, మరుసటి ఏడాది ఆండ్రాయిడ్ 11 నుంచి గట్టిగా అమలవుతోంది. యాప్ ఇప్పుడు మెమరీలో తనకు తోచిన చోట ఫోల్డర్ పెట్టుకుని రాస్తానంటే కుదరదు. పాత పద్ధతిలో ఉండనిమ్మని, యాప్ వివరాలు రాసే మేనిఫెస్ట్ ఫైలులో పెట్టే లెగసీ లైను ఆండ్రాయిడ్ 10 దాకానే ఆదుకుంటుంది, యాప్ టార్గెట్ (ఏ ఆండ్రాయిడ్ స్థాయికి చేశామో చెప్పే నంబరు) 30 గానీ అంతకన్నా ఎక్కువ గానీ అయితే ఆండ్రాయిడ్ 11 ఫోన్లు దాన్ని పట్టించుకోవు.

యాప్ సొంత ఫోల్డర్‌లో రాయడానికి ఏ పర్మిషనూ అక్కర్లేదు, కానీ యాప్ తీసేస్తే ఆ ఫోల్డరూ పోతుంది. తక్‌పట్టీ అంటే రేపు తూకంలోనో డబ్బులోనో తేడా వస్తే బాపు చేతిలో ఉండే రుజువు, అలా పోకూడదు. అందుకని ఫోన్‌లో ఫొటోలు, వీడియోల లెక్క చూసే మీడియాస్టోర్ ద్వారా పిక్చర్స్ ఫోల్డర్‌లోకి రాయి. గ్యాలరీలో కనిపిస్తుంది, యాప్ పోయినా ఫొటో ఉంటుంది. కొత్త ఫోన్లలో దానికి పర్మిషన్ అడగనక్కర్లేదు. ఆండ్రాయిడ్ 9, అంతకన్నా పాత వాటికి మాత్రం రాసే పర్మిషన్ కావాలి, దాన్ని మేనిఫెస్ట్‌లో మ్యాక్స్ ఎస్‌డీకే 28 అని పెట్టి వదిలెయ్. ఒక్క సంగతి గుర్తుంచుకో: యాప్ తీసేసి మళ్లీ వేస్తే పాత ఫొటోలను ఫోన్ నీ యాప్‌వి అనుకోదు, వాటిని ఫొటో పికర్‌తో బాపు చేతనే ఎంపిక చేయించాలి. ఫోన్‌లోని అన్ని ఫైళ్లూ చూసే పెద్ద పర్మిషన్ ఒకటి ఉంది, దాని జోలికి వెళ్లకు, ప్లేస్టోర్‌లో పెట్టేటప్పుడు అంత అవసరం ఏముందో చెప్పమంటారు, ఫొటోలు దాచే యాప్‌కు అది దొరకదు.

ప్రశ్న: విండోస్, ఉబుంటు రెండింట్లోనూ వాడుకోవచ్చని ప్రాజెక్టు డి డ్రైవ్‌లో పెట్టాను. ఉబుంటులో ఎన్నిసార్లు సీహెచ్‌మాడ్ కొట్టినా పర్మిషన్లు మారట్లేదు. ఒక్కోసారి ‘రీడ్ ఓన్లీ ఫైల్ సిస్టమ్’ అని కూడా వస్తుంది.
– ఒక పాఠకుడు, కాజీపేట

జవాబు: డి డ్రైవ్ విండోస్ వాడే ఎన్‌టీఎఫ్‌ఎస్ పద్ధతిలో ఉంది. అక్కడ ఓనర్, పర్మిషన్లు ఎలా కనిపించాలో మామూలుగా డ్రైవ్ ఉబుంటుకు జతయ్యేటప్పుడే, అంటే మౌంట్ అయ్యేటప్పుడే తేలిపోతుంది, తర్వాత ఒక్కో ఫైలుకూ కొట్టే సీహెచ్‌మాడ్ నిలవదు. పెన్‌డ్రైవ్‌లో పెట్టినా ఇంతే. ప్రాజెక్టును ఉబుంటు హోమ్‌లోకి మార్చండి, విండోస్‌లో వేరే కాపీ ఉంచి రెండింటి మధ్య గిట్‌తో నడపండి. రీడ్ ఓన్లీ ఎందుకంటే, విండోస్‌లో ఫాస్ట్ స్టార్టప్ ఆన్ అయి ఉంటే షట్‌డౌన్ కొట్టినా అది పూర్తిగా ఆగదు, డ్రైవ్‌ను సగం పనిలో వదిలేస్తుంది, ఉబుంటు అందులో రాయడానికి ఒప్పుకోదు. కంట్రోల్ ప్యానెల్‌లో పవర్ ఆప్షన్స్‌కు వెళ్లి దాన్ని ఆఫ్ చేసి, విండోస్‌ను ఒకసారి పూర్తిగా షట్‌డౌన్ చేశాక ఉబుంటులోకి రండి.