అట్ట కూడా చూడమ్మా

చిరంజీవి అమ్మాయికి పెదనాన్న ఆశీస్సులు.

‘ఉదయిని’ పత్రిక చరిత్ర రాస్తున్నానని, మొదటి అధ్యాయం అయిపోయిందని రాశావు. సంతోషం. అయితే సంచికలు ఎన్ని కళ్లారా చూశావో మాత్రం రాయలేదు. నాకు కంగారు పుట్టింది అక్కడే.

కొంపెల్ల జనార్దనరావు 1907లో పుట్టి 1937లో పోయాడు. ఆయన నడిపిన ఆ కొద్దినాళ్ల పత్రిక పేరు ఇవాళ మన నోట ఆడుతోందంటే చాలావరకు శ్రీశ్రీ చలవే. 1950లో ‘మహాప్రస్థానం’ పుస్తకంగా వచ్చినప్పుడు దాన్ని ఈ స్నేహితుడికే అంకితమిచ్చాడు. ఆ అంకిత గీతం చదివి కంటతడి పెట్టనివాళ్లు తక్కువ. నువ్వూ పెట్టుకో, నేనేమీ అనను. కలం పట్టే ముందు మాత్రం కళ్లు తుడుచుకో. అది స్నేహితుడు పోయాక రాసిన గీతం, పత్రిక జమాఖర్చుల పుస్తకం కాదు. నీ మొదటి అధ్యాయం దానితోనే మొదలై ఉంటుందని నా అనుమానం. నిజమైతే దాన్ని చివరికి జరుపు.

నా భంగపాటు ఒకటి చెబుతాను. ముప్పయ్యేళ్ల క్రితం ఒక చిన్న పత్రిక గురించి వ్యాసం రాస్తూ ‘నాలుగు సంచికలతో ఆగిపోయింది’ అని ఢంకా బజాయించాను. గ్రంథాలయంలో బైండు చేసిన సంపుటంలో నాలుగే ఉన్నాయి మరి. రెండేళ్లకు ఒక పాత ఇంటి అటక మీద, ట్రంకు పెట్టెలో, పద్దు పుస్తకానికి తొడుగుగా వేసిన అట్ట కనబడింది. ‘సంపుటి 1, సంచిక 5’. దాని కిందే మిగతా కాగితాలూ ఉన్నాయి, సగం చెదలు తినగా. అప్పుడు తెలిసింది, బైండు చేసేవాళ్లు అట్టలూ ప్రకటనల కాగితాలూ చింపి పారేస్తారని. వెల, చందా, ఏజెంట్ల పేర్లు, బాకీల గోడు ఉండేది వాటి మీదే కదా!

అందుకే కవిత్వం కన్నా ముందు ‘చందాదారులకు మనవి’ చదువు. వి.పి. (సొమ్ము కట్టి విడిపించుకునే తపాలా) తిప్పి పంపవద్దని బతిమాలే నాలుగు వాక్యాలు కనబడితే ఆగి చూడు. పాఠకుడు వి.పి. తీసుకోకపోతే తపాలా ఖర్చు సంపాదకుడి నెత్తినే పడేది. తర్వాత ఫారాలు, అంటే మడతపెట్టి కుట్టిన అచ్చు కాగితాలు, లెక్కపెట్టు. మొదటి సంచిక కన్నా చివరిది పలచబడిందా? 1867 నాటి ముద్రణ చట్టం పుణ్యమా అని ఆ రోజుల్లో ప్రతి పత్రిక మీదా అచ్చువేసినవారి పేరు, ఊరు ఉండి తీరాల్సి వచ్చేది. చిన్న అక్షరాల్లో ఉంటుంది ఆ వరుస, భూతద్దం పట్టుకెళ్లు. సంచిక సంచికకూ ముద్రణాలయం మారితే ఎక్కడో బాకీ తీరలేదేమోనని అనుమానించు. అనుమానించమన్నాను, రాసెయ్యమనలేదు.

తేదీల దగ్గర జాగ్రత్త. ఆ కాలపు పత్రికల మీద ‘భావ సంవత్సరం, పుష్యం’ అన్నట్టు తెలుగు లెక్క ఉంటే గబుక్కున 1934 అని వేసేయకు. భావ ఉగాది 1934లోదే కానీ, పుష్యం వచ్చేసరికి 1935 జనవరి.

చివరి సంచికకు తాను చివరిదని తెలియదు. ‘సశేషం’ అన్న రచన ఏదైనా ఉంటే దాని వెంటపడు, మిగతా భాగం మరో పత్రికలో తేలవచ్చు. ఆ నెలల ‘భారతి’ సాహిత్య మాసపత్రిక కూడా తిరగెయ్యి. ప్రకటనో సమీక్షో, కాకపోతే ఒక చురకో దొరుకుతుంది. ‘భారతి’ 1924 నుంచి 1991 దాకా బతికింది కదా అని చిన్న పత్రికను జాలిగా చూసే అలవాటు మనవాళ్లకు ఉంది. నీకు వద్దు. విమర్శకుడు రా.రా. (రాచమల్లు రామచంద్రారెడ్డి) పత్రిక ‘సంవేదన’ నడిచింది 1968, 69లలోనే. అయినా విమర్శకులు దాన్ని ఇంకా తలుచుకుంటూనే ఉన్నారు.

వేటపాలెం సారస్వత నికేతనానికీ రాజమండ్రి గౌతమీ గ్రంథాలయానికీ వెళ్లే ముందు ఫోను చెయ్యి. పాత పత్రికల బీరువా తాళం ఎవరి దగ్గరుంటుందో, ఆయన ఏ రోజు వస్తాడో ముందే కనుక్కో. అన్నం డబ్బా పట్టుకెళ్లు.

నేను చెప్పిన ఆ అయిదో సంచిక నా దగ్గరే ఉంది. సంక్రాంతికి వచ్చినప్పుడు ఇస్తాను. బట్ట సంచి తెచ్చుకో, ప్లాస్టిక్ సంచిలో పెడితే చెమ్మ పడుతుంది.

నీ పెదనాన్న