బంకు కంటే ముందు దారి సంగతి చూసుకో, మాధవీ

చి. సౌ. మాధవికి పెదనాన్న ఆశీస్సులు.

కోదాడ దగ్గర పెట్రోలు బంకుకు ఆయిల్ కంపెనీ నుంచి ఎల్‌ఓఐ (బంకు ఇస్తామన్న ప్రాథమిక సమ్మతి పత్రం) వచ్చిందనీ, పక్క బంకు ఆయన అప్పుడే కలెక్టరేట్‌లో అభ్యంతరం పెట్టాడనీ మీ నాన్న చెప్పాడు. భయపడకు. తహసీల్దారుగా ఇలాంటి ఎన్‌ఓసీ (అభ్యంతరం లేదనే పత్రం) విచారణలు చేసినవాణ్ని కాబట్టి నాకు తెలిసింది రాస్తున్నాను.

ఎల్‌ఓఐని నమ్ముకుని ట్యాంకులకు గొయ్యి తవ్వించకు. కలెక్టర్ ఎన్‌ఓసీ, పెసో (పెట్రోలియం, పేలుడు పదార్థాల భద్రత చూసే కేంద్ర సంస్థ) లైసెన్సు, హైవే వాళ్ల దారి అనుమతి దేనికదే వేరు. అందరూ ఎన్‌ఓసీ కోసమే తిరుగుతారు గానీ ఫైలు ఎక్కువగా ఆగేది దారి దగ్గరే. పొలం మీ వాళ్లదే అయినా, పొలానికీ తారురోడ్డుకూ మధ్య ఉన్న జాగా హైవేది. 2002 నాటి జాతీయ రహదారుల నియంత్రణ చట్టం కింద అనుమతి లేనిదే అక్కడ దారి తెరవకూడదు.

కేంద్ర రోడ్డు రవాణా శాఖ 2020 జూన్‌లో ఇచ్చిన నిబంధనలు తెప్పించుకుని నువ్వే చదువు. మీది డివైడర్ ఉన్న రోడ్డు. ఊరి బయట అయితే అదే వైపున్న మరో బంకుకు 1000 మీటర్ల దూరం ఉండాలి. టోల్‌ప్లాజాకూ అంతే. పెద్ద రోడ్లు కలిసే చోటుకు 300 మీటర్లు. బంకుల మధ్య దూరం చాలకపోతే ఉమ్మడి సర్వీసు రోడ్డు అడగొచ్చు. అప్పుడు ఆ పక్కాయనతోనే పని పడుతుంది, ఇప్పుడే మాటా మాటా పెంచుకోకు. కొలత ఎక్కణ్ణుంచి మొదలుపెట్టారన్న దగ్గరే సగం తగాదాలు పుడతాయి. అందుకే అధికారుల ఎదుటే కొలిపించి, స్కెచ్ మీద సంతకాలు చేయించు. ఆ రోడ్డును ఆరు వరుసలు చేసే ప్రతిపాదన కూడా ఉంది. మీ సర్వే నంబరులో ఎంత పోతుందో ముందే కనుక్కో.

పక్కాయన వ్యాపారం తగ్గుతుందన్న ఒక్క కారణంతో నీ ఎన్‌ఓసీని కొట్టేయరు. సినిమా హాలు ఎన్‌ఓసీ మీద పోటీదారు వేసిన కేసులో సుప్రీంకోర్టు 1975లోనే ఆ సంగతి తేల్చింది. ఆ సంగతి ఆయన లాయరుకూ తెలుసు. కాబట్టి బడి పేరో, ఇళ్ల పేరో చెబుతారు, ఊళ్లోవాళ్లతో పిటిషన్ వేయిస్తారు. కేంద్ర కాలుష్య నియంత్రణ మండలి 2020 జనవరి నిబంధనల ప్రకారం బడులకూ, పది పడకలు, ఆపైన ఉన్న ఆసుపత్రులకూ, నివాస ప్రాంతాలకూ 50 మీటర్ల దూరం ఉండాలి. తప్పనిసరైతే అదనపు భద్రతతో 30 దాకా తగ్గించవచ్చు, అంతకు తగ్గడానికి వీల్లేదు. ఈ దూరాన్ని ప్రహరీ నుంచి కాక పంపు, వెంట్ పైపు (ట్యాంకు ఆవిరి బయటికి పోయే గొట్టం), ట్యాంకు నింపే చోటు వీటిలో ఏది దగ్గరైతే అక్కణ్ణుంచి కొలుస్తారు. లేఅవుట్ గీయించేటప్పుడే ఇది చూసుకో. పసిపిల్లల బడి పక్కనుంటే మాత్రం నిబంధన సరిపోయినా ఆ స్థలం వద్దనే అంటాను.

స్థలం మీ మామగారిది, లీజు మీద తీసుకుంటున్నారు కదా. లీజు రిజిస్టరు చేయించు, గడువు ఎక్కువ పెట్టించు. లీజు అయిపోయాక ఊరికే పట్టుకుని కూర్చున్నవాడికి స్థలం మీద హక్కు ఉన్నట్టు కాదని, ఒక బంకు కేసులోనే 2005లో సుప్రీంకోర్టు చెప్పింది. హక్కు పోతే కలెక్టర్ ఎన్‌ఓసీ రద్దు చేయవచ్చు. రిజిస్ట్రేషన్ చట్టం 22ఎ కింద రిజిస్ట్రేషన్లు ఆపేసిన భూముల నిషేధిత జాబితాలో ఆ సర్వే నంబరు ఉందేమో చూడు. ఒకప్పటి అసైన్డ్ భూమి (సర్కారు పేదలకు ఇచ్చినది) అయితే, దాన్ని చేతులు మార్చకూడదన్న 1977 చట్టం అడ్డొస్తుంది, అక్కడితో ఆగిపోవాలి.

పెట్రోలియం నిబంధనల్లో 144వ దాని ప్రకారం ఎన్‌ఓసీ ఇచ్చేదీ లేనిదీ మూడు నెలల్లో తేల్చాలి. తేల్చకపోతే హైకోర్టులో రిట్ వేయొచ్చు. అయితే కోర్టు నీకు బంకు ఇప్పించదు, నిర్ణయం తీసుకోమని ఆఫీసుకు చెబుతుంది. అందుకని కాదన్నప్పుడల్లా కారణం రాతపూర్వకంగా ఇమ్మని అడుగు, దరఖాస్తు రసీదులు భద్రంగా దాచు. హైవే వాళ్లు తిరస్కరిస్తే చట్టంలో అప్పీలు ఎక్కడుందో లాయరును ముందే అడుగు. జడ్జిగారు మొదట వేసే ప్రశ్న అదే. పక్కాయన స్టే తెస్తాడన్న అనుమానం ఉంటే కేవియట్ (నీ మాట వినకుండా ఉత్తర్వు ఇవ్వొద్దన్న అర్జీ) వేసి పెట్టించు.

ఆయన అభ్యంతరం నకలు సమాచార హక్కు కింద అడుగు. ఈసీ (భూమి లావాదేవీల ధ్రువపత్రం), పహాణీ, స్కెచ్ కూడా తీసుకుని ఆదివారం ఇంటికి రా, జవాబు కలిసి రాద్దాం.

మీ పెదనాన్న