మా మేడ మీద ఉంటున్న ఆఫ్ఘన్ విద్యార్థి శరణార్థిగా ఎక్కడ దరఖాస్తు చెయ్యాలి?

కలెక్టరేట్‌లో ఎవరూ చెప్పలేకపోయారని రాశారు. అందులో వింతేమీ లేదండీ. మన దేశంలో శరణార్థుల కోసం విడిగా చట్టమే లేదు, 1951 నాటి అంతర్జాతీయ శరణార్థుల ఒప్పందంలో మనం చేరలేదు. పర్లాకిమిడిలో మీ ఇంట్లో అద్దెకున్న కుర్రాడి వీసాకి రెండు నెలలే ఉందని, ఒడిశాలోనే ఉన్న చంద్రగిరి టిబెటన్లకి ఇచ్చినట్టు ఇతనికీ శరణార్థి కార్డు ఇస్తారేమోనని అడిగారు కదా. ఆ దారి వేరు. చంద్రగిరిలో 1963లో వాళ్ళకి స్థలం చూపించి నిలబెట్టింది ప్రభుత్వమే. టిబెటన్లనీ, శ్రీలంక తమిళులనీ ప్రభుత్వం నేరుగా చూసుకుంటుంది. ఆఫ్ఘన్ల దరఖాస్తులు తీసుకునేది ఐక్యరాజ్యసమితి శరణార్థుల సంస్థ, యూఎన్‌హెచ్‌సీఆర్. ఆఫీసు ఢిల్లీలో.

నాకిదంతా బరంపురంలో మా మేడ మీదున్న కుర్రాడి వల్ల తెలిసింది. 2021 ఆగస్టు 15న వీధిలో పిల్లలు జెండా చాక్లెట్లు పంచుకుంటుంటే వాడు మెట్ల మీద కూర్చుని తాలిబాన్ల చేతిలోకి పోతున్న కాబూల్‌ని ఫోన్లో చూస్తున్నాడు. నన్ను 'ఖాలా' అనేవాడు, అంటే పిన్ని. వాళ్ళ నాన్న పాత ప్రభుత్వంలో ఉద్యోగి. భయంతో ఇంట్లో కాగితాలన్నీ కాల్చేశారట.

ఎవరో చెన్నై దగ్గర కదా అంటే కోరమండల్‌కి టికెట్లు కూడా తీసేశాం. చెన్నై ఆఫీసు ముఖ్యంగా శ్రీలంక తమిళుల పని చూస్తుందని తెలిసి రద్దు చేసుకున్నాం. ఆ తర్వాత ఒక ఏజెంటు తగిలాడు. నలభై వేలు ఇస్తే కార్డు గ్యారంటీ అన్నాడు, పైగా "నీ కథ కాస్త గట్టిగా రాస్తా" అన్నాడు. మావాడు సరే అనబోతుంటే నేనే కేకలేశాను. యూఎన్‌హెచ్‌సీఆర్‌లో ఏ దశలోనూ పైసా తీసుకోరు. ఇంటర్వ్యూలో అదే విషయం నాలుగు వైపుల నుంచి అడుగుతారు. ఒక్క తేదీ అబద్ధమని తేలితే నిజాలు కూడా నమ్మరు.

ముందు రిజిస్ట్రేషన్ ఫారం నింపి పంపాలి. పాస్‌పోర్టు, వీసా నకళ్ళు, ఫొటో, ఇక్కడి చిరునామా. కాగితాలు లేనంత మాత్రాన తిప్పి పంపరు, ఎందుకు లేవో చెప్పుకోవాలి. తర్వాత పిలిచి వివరాలు నమోదు చేసుకుంటారు, దరఖాస్తు పరిశీలనలో ఉందని ఒక కాగితం ఇస్తారు. అసలు ఇంటర్వ్యూ ఆ తర్వాత. జాతి, మతం, జాతీయత, రాజకీయ అభిప్రాయం, ఫలానా సామాజిక వర్గానికి చెందడం, వీటిలో దేనివల్ల ప్రాణభయమో అక్కడ తేలాలి. మా దేశంలో ఉద్యోగాల్లేవు, బతకడం కష్టం అంటే చాలదు. కాదంటే ముప్పై రోజుల్లో అప్పీలు చేసుకోవచ్చు, దాన్ని వేరే అధికారి చూస్తారు. చెప్పినవేవీ వాళ్ళ దేశానికి చేరవు. మావాడికి ఈ ఒక్క మాట మీదే నిద్ర పట్టింది. కార్డు చేతికొచ్చేసరికి ఏడాది దాటింది.

ఈలోపు వీసా సంగతి మరిచిపోకండి. నాకు అన్నిటికంటే టెన్షన్ పెట్టింది అదే. యూఎన్ కాగితం వీసా కాదు. గడువు తీరకముందే కాలేజీ నుంచి బోనఫైడ్ తీసుకుని విదేశీయుల నమోదు కార్యాలయం వారి ఈ-ఎఫ్‌ఆర్‌ఆర్‌ఓ సైట్లో పొడిగింపు అడగమనండి. 2025 సెప్టెంబరు నుంచి అమల్లోకొచ్చిన కొత్త చట్టం ప్రకారం వీసా లేకుండా ఉండిపోతే మూడేళ్ళ దాకా జైలు, లేదా మూడు లక్షల దాకా జరిమానా, లేదా రెండూ. శరణార్థిగా గుర్తించాక దీర్ఘకాల వీసాకి అడగొచ్చు. ఇవ్వడం ఇవ్వకపోవడం కేంద్ర హోంశాఖ చేతిలో ఉంటుంది. అది వస్తే ప్రైవేటు ఉద్యోగం చేసుకోవచ్చు.

మీ వంతు కూడా ఒకటుంది. విదేశీయుడు ఇంట్లో దిగిన 24 గంటల్లో ఇంటివాళ్ళు ఆన్‌లైన్లో తెలియజేయాలి, సి-ఫారం అనేవాళ్ళం. నేను చెయ్యలేదు. ఎస్పీ ఆఫీసులో రెండు గంటలు బెంచీ మీద కూర్చోబెట్టారు, తప్పు నాదే. మీరు చేశారో లేదో ఇవాళే చూసుకోండి.

ఇంకొకటి. ఫారంలో ఇంటర్వ్యూ ఏ భాషలో కావాలని అడుగుతారు. మావాడు సినిమాలు చూసి నేర్చుకున్న హిందీ మీద ధీమాతో హిందీ అని రాయబోయాడు. వాళ్ళమ్మతో ఏ భాషలో మాట్లాడతాడో, దరీయో పష్తూనో, అదే రాయమనండి. దుబాసీని వాళ్ళే ఉచితంగా పెడతారు.