సోదా గురించి రాయబోయే తమ్ముడికి

తమ్ముడూ,

జయపురం నుంచి నువ్వు పంపిన గంజాయి కేసు వ్యాసం చదివాను. మల్కన్‌గిరి ఘాట్ దారుల్ని కళ్లకు కట్టావు. సోదాను మాత్రం ఒక్క వాక్యంలో దాటేశావు: "పోలీసులు తనిఖీ చేయగా గంజాయి బయటపడింది." ఒక మనిషికి ఇరవై ఏళ్ల జైలు పడేదీ పడనిదీ ఆ వాక్యం మీదే ఉంది. అక్కడ ఆగి రాయాలి.

ముందు ఆ సోదా ఒంటికా, సంచికా, ఇంటికా, బండికా తేల్చుకో. మత్తుపదార్థాల నేరాలకు వర్తించే ఎన్‌డీపీఎస్ చట్టం (1985) 50వ సెక్షను ఒంటి సోదాకే వర్తిస్తుంది. నడుముకు కట్టుకున్న పొట్లానికి అది ఉంది, బస్సు సీటు కింద పెట్టిన సంచికి లేదు. సుప్రీంకోర్టు 2005లో పవన్ కుమార్ కేసులో ఈ మాట చెప్పింది, 2023లో మళ్లీ చెప్పింది. సంచిలో సరుకు దొరికిన కేసుకు "గెజిటెడ్ అధికారి లేడు, సోదా చెల్లదు" అని రాశావంటే ఏ ప్లీడరూ నీ రెండో పేరా చదవడు.

ఒంటి సోదా అయితే ఇలా చూడు. గెజిటెడ్ అధికారి ముందుగానీ మేజిస్ట్రేటు ముందుగానీ సోదా చేయమని అడిగే హక్కు నీకుంది అని ఆ మనిషికి చెప్పి తీరాలి. "సోదా చేస్తాం, ఒప్పుకుంటావా?" అంటే సరిపోదు. అది హక్కు అని తెలియజెప్పాలి. 2010 అక్టోబరులో విజయ్‌సింహ్ జడేజా కేసులో రాజ్యాంగ ధర్మాసనం ఇందులో సడలింపు లేదంది. ఇద్దరు దొరికితే ఎవరికి వారికి విడిగా చెప్పాలి, ఇద్దరికీ కలిపి ఒకే నోటీసు ఇస్తే చెల్లదని 2014లో పరమానంద్ కేసులో తీర్పు. ఆడమనిషిని ఆడమనిషే సోదా చేయాలి.

మన రాయగడ, గుణుపురం, పర్లాకిమిడి వైపు ఇంకో ప్రశ్న కూడా అడగాలి. కాగితం ఒడియాలో ఉంటుంది. పట్టుబడినవాడికి తెలుగో, కోందులు మాట్లాడే కువీయో తప్ప రాకపోతే, ఆ హక్కు ఏ భాషలో చెప్పారు? ఎవరు చెప్పారు? వేలిముద్ర పక్కన ఆ సంగతి రాసి ఉందా? ఇది బయటివాళ్లకు తట్టని ప్రశ్న, నీకు తట్టాలి.

తర్వాత గడియారం. ముందుగా సమాచారం అంది ఇంటి మీదకు వెళ్తే, 42వ సెక్షను ప్రకారం ఆ సమాచారాన్ని రాసిపెట్టి 72 గంటల్లో పై అధికారికి నకలు పంపాలి. పొద్దుగుంకాక వారంటు లేకుండా వెళ్తే కారణాలు కూడా రాయాలి. బస్సు, రైల్వే స్టేషను లాంటి బహిరంగ స్థలమైతే 43వ సెక్షను, అక్కడ ఈ షరతులు లేవు. అయితే రోడ్డు మీద ఆపిన సొంత జీపు బహిరంగ స్థలం కిందికి రాదని 2021లో బూటా సింగ్ కేసు తేల్చింది. సరుకు పట్టుకున్నాక 48 గంటల్లో పై అధికారికి పూర్తి నివేదిక వెళ్లాలి, అది 57వ సెక్షను. 2024 జులై 1 నుంచి సోదాను వీడియో తీయడం కూడా కొత్త నేర విచారణ చట్టం (బీఎన్‌ఎస్‌ఎస్)లో ఉంది. పంచనామాలో రాసిన వేళ, వీడియోలోని వేళ, స్టేషను డైరీలోని వేళ పక్కపక్కన పెట్టి చూడు. కుదరకపోతే అసలు కథ అక్కడే ఉంటుంది.

ఇక తూకం. ఇక్కడ ఓపిక పట్టు. గంజాయి కిలోలోపు చిన్న మోతాదు, 20 కిలోలు దాటితే వాణిజ్య మోతాదు. దాటితే కనీసం పదేళ్లు, గరిష్ఠం ఇరవై. బెయిలుకు 37వ సెక్షను అడ్డం. "మార్కెట్ విలువ లక్షల్లో" అన్న పోలీసు ప్రకటన పట్టుకుని శీర్షిక పెట్టకు, శిక్ష ధరను బట్టి పడదు, బరువును బట్టి పడుతుంది. చట్టం లెక్కలో గంజాయి అంటే మొక్క పూత, కాయ కొసలు. కొసలు లేకుండా విడిగా ఉన్న ఆకులు, గింజలు ఆ లెక్కలోకి రావు. కాబట్టి 21 కిలోలని రాసి ఉంటే అడుగు: గోనెసంచితో కలిపి తూచారా? పచ్చి సరుకా, ఎండిందా? కాడలు, ఆకులు వేరుచేశారా? ఆ ఒక్క కిలో పదేళ్ల తేడా తెస్తుంది.

నమూనాలు మేజిస్ట్రేటు సమక్షంలో తీయాలని 52ఎ సెక్షను, 2016 నాటి మోహన్‌లాల్ తీర్పు చెబుతున్నాయి. 2022 డిసెంబరు నిబంధనల ప్రకారం గంజాయికి ఒక్కో నమూనా 24 గ్రాములు, రెండేసి చొప్పున. దారి పక్కనే నమూనా తీసి సీలు వేసేసి ఉంటే రాసుకో. కానీ తొందరపడకు: 52ఎ లోపం ఒక్కటే కేసును కొట్టేయదని 2025లో సుప్రీంకోర్టు చెప్పింది. 50వ సెక్షను తప్పితే మాత్రం ఆ సోదాలో దొరికిన సరుకు మీద మాత్రమే ఆధారపడి శిక్ష వేయడానికి లేదు, అది 1999 బల్దేవ్ సింగ్ తీర్పు. ఏ లోపానికి ఎంత బరువో తెలియకుండా "విడుదల ఖాయం" అని రాస్తే జైల్లో ఉన్నవాడి ఇంట్లో దొంగ ఆశ పుట్టించినట్టే. వాళ్లకు పనికొచ్చే మాట వేరే ఉంది. కస్టడీలో ఉన్న ఎవరికైనా న్యాయసేవాధికార సంస్థ ఉచితంగా వకీలునిస్తుంది, నంబరు 15100. ఇది వ్యాసంలో తప్పక వేయి.

"స్మగ్లర్ దొరికాడు" అన్న మాట తీసేయి. తీర్పు వచ్చేదాకా నిందితుడే. 67వ సెక్షను కింద అధికారి రాసుకున్న ఒప్పుకోలును సాక్ష్యంగా వాడకూడదని 2020 తూఫాన్ సింగ్ కేసులో తేలింది, కనుక "నేరం అంగీకరించాడు" అన్న వాక్యం కూడా వద్దు.

పంచనామా నకలు వకీలు దగ్గర దొరుకుతుంది. అది తెచ్చుకుని ఆ వాక్యాన్ని ఒక పేజీ చేసి పంపు. వేళలు, బరువులు ఎడమ అంచున విడిగా రాయి, నేను సరిచూస్తాను.

ఆశీస్సులతో,
అన్నయ్య