బోర్డు మీద తేదీ తీసేశారు, మంచు సంగతేంటి?

ప్రశ్న: వచ్చే వేసవిలో అమెరికాలో ఉన్న మా అమ్మాయి దగ్గరికి వెళ్తున్నాం. మోంటానాలోని గ్లేసియర్ నేషనల్ పార్క్ చూపిస్తానంటోంది. అక్కడి గ్లేసియర్లు (హిమానీనదాలు) 2020 కల్లా మాయమవుతాయని పార్కు వాళ్లే బోర్డులు పెట్టి, తర్వాత తీసేశారట. "అంతా ఉత్త భయపెట్టడమే వదినా" అంటాడు మా మరిది. నిజమేనా? చూడటానికి ఏమైనా మిగిలి ఉందా?
– ఒక పాఠకురాలు

జవాబు: బోర్డులు తీసేసిన మాట నిజమేనమ్మా. మీ మరిది మాటలో నిజం అంతవరకే. అప్పట్లో మంచు కరుగుతున్న వేగాన్ని బట్టి ఆ గడువు లెక్కగట్టారు. తర్వాత కొన్ని చలికాలాలు మంచు బాగా పడి, కరగడం కాస్త నెమ్మదించింది. దాంతో ఏడాది తీసేసి, అవి ఎప్పుడు పోతాయన్నది మనం చేసే పనుల మీద ఆధారపడి ఉంటుందని రాశారు. ఒక ఏడాదిని అంత ఖాయంగా బోర్డుకెక్కించడం తొందరపాటేనని నా అభిప్రాయం. అయితే గడువు తప్పినంత మాత్రాన పోయిన మంచు తిరిగి రాలేదు.

ఆ పార్కులోని గ్రిన్నెల్ గ్లేసియర్‌నే చూడండి. 1966లో సుమారు 250 ఎకరాలుండేది, 2015 నాటికి 140కి వచ్చింది. నేను ఆ దారెక్కి చూసినప్పుడు మనసు చివుక్కుమంది. పాత ఫొటోల్లో మంచు ఉన్నచోట ఇప్పుడు చెరువుంది, అందులో మంచుగడ్డలు తేలుతుంటాయి. నీళ్లు పాలు కలిపినట్టు నీలంగా ఉంటాయి. గ్లేసియర్ కదులుతూ కింది రాయిని మెత్తటి పొడిగా అరగదీస్తుంది, ఆ రంగు దానిదే. పైన కొండ అంచున కనిపించే సాలమాండర్ గ్లేసియర్ ఒకప్పుడు దీనితో కలిసే ఉండేది.

ఈ కదలికే అసలు విషయం. మంచు తన బరువుకు తనే కిందికి జరుగుతుంటేనే గ్లేసియర్. చిన్నదై పలచబడితే ఆ కదలిక ఆగిపోతుంది. అందుకే అక్కడ కనీసం 25 ఎకరాలున్న వాటినే లెక్కలోకి తీసుకుంటారు. 1850 ప్రాంతంలో 150 దాకా ఉండేవని అంచనా. 2015లో తేలినవి 26.

ఎండాకాలం చివర్లో పైవాగులకు చల్లటి నీరిచ్చేది ఈ మంచే. ఆ చల్లదనంలోనే బతికే ఒక చిన్న స్టోన్‌ఫ్లై పురుగును 2019లో అమెరికా ప్రభుత్వం ముప్పున్న జీవుల జాబితాలో చేర్చింది. దాన్ని ఎవరూ ఫొటో తీసుకోరు, నాకు మాత్రం దాని మీదే బెంగ.

తప్పకుండా వెళ్లండి. జూలై మొదట్లో దారి మీద ఇంకా మంచు ఉండొచ్చు, ఆగస్టు అయితే మేలు. పార్కులోని మెనీ గ్లేసియర్ అనే ప్రాంతం వైపు నుంచి గ్రిన్నెల్‌కు రానూపోనూ దాదాపు 17 కిలోమీటర్ల నడక. మోకాళ్ల నొప్పులుంటే పడవ ఎక్కండి, కొంత దూరం తగ్గుతుంది. ఎలుగుబంట్లు తిరిగే చోటు, గుంపుగా నడవండి. మంచు మీద మాత్రం అడుగు పెట్టకండి, దాని పగుళ్లు పైకి కనిపించవు.