మాస్టారిని అడగండి: దిగిపోయే అధ్యక్షుడి మాట

ప్రశ్న: మాస్టారూ, ద్వారకానగర్‌లో రూమ్ తీసుకుని గ్రూప్స్‌కి చదువుతున్నాను. అమెరికా అధ్యక్షుడు ఏటా కాంగ్రెస్‌కు (అక్కడి పార్లమెంటుకు) ఇచ్చే సందేశం, మన రాష్ట్రపతి ప్రసంగం ఒకటేనా? దిగిపోయే ముందు కూడా ఆయన మాట్లాడితే ఎవరికి లాభం?
- ఒక పాఠకురాలు, విశాఖపట్నం

జవాబు: ఒకటి కాదమ్మా. 87వ అధికరణం కింద మన రాష్ట్రపతి చదివేది మంత్రివర్గం ఆమోదించిన ప్రసంగం. దానికి కృతజ్ఞతగా సభలో పెట్టే ధన్యవాద తీర్మానం లోక్‌సభలో వీగిపోతే ప్రభుత్వం కుర్చీకే ముప్పు. అమెరికాలో అధ్యక్షుడే ప్రభుత్వాధినేత కాబట్టి ఆ మాటలకు ఆయనే పూచీ, వాటిపై ఓటింగ్ ఉండదు. వాళ్ల రాజ్యాంగం అప్పుడప్పుడు కాంగ్రెస్‌కు దేశ పరిస్థితి తెలపమంటుంది గానీ, వెళ్లి ప్రసంగించమనదు. 1801లో అధ్యక్షుడు జెఫర్సన్ రాసి పంపించేశారు. 1913లో విల్సన్ స్వయంగా వెళ్లి చదివేదాకా అదే నడిచింది. ఈ రెండు సంవత్సరాలూ నోట్సులో రాసుకో.

నీ రెండో ప్రశ్న నాకు బాగా నచ్చింది. ఒబామా చివరి సందేశం 2016లో, మనకు జనవరి 13 ఉదయం. భోగికి ముందురోజు. ఇంట్లో పండగ హడావిడి, నేను బీచ్ రోడ్డు వాకింగ్ మానేసి టీవీ ముందు కూర్చున్నాను. ఈసారి ప్రతిపాదనల చిట్టా పెద్దగా చదవనని ఆయన మొదట్లోనే చెప్పేశారు. అంతకుముందు ఏడాదే కొడుకును క్యాన్సర్‌కు పోగొట్టుకున్న ఉపాధ్యక్షుడు బైడెన్‌కు, ఆ జబ్బును జయించే పని అప్పగించారు. తర్వాత వచ్చిన మాట నాకు ఇప్పటికీ గుర్తే: తన హయాంలో పార్టీల మధ్య కక్షలు, అనుమానాలు తగ్గకపోగా పెరిగాయని, లింకన్‌కో రూజ్‌వెల్ట్‌కో ఉన్న ప్రతిభ ఉంటే ఆ దూరాన్ని ఇంకా బాగా తగ్గించేవారేమోనని నిండు సభలో అన్నారు. ఎదురుగా కూర్చున్నవాళ్లలో ఎక్కువమంది ప్రతిపక్షం వాళ్లే! మూడోసారి నిలబడటానికి 22వ సవరణ ఒప్పుకోదు, ఇక ఓట్లు అడిగే పని లేదు. అలాంటప్పుడే మిగిలిపోయిన పని గురించి నాయకుడు దాచుకోకుండా చెప్పగలడు. నియోజకవర్గాల గీతలు నాయకులే తమకు అనుకూలంగా గీసుకునే పద్ధతి పోవాలని కూడా ఆరోజు గట్టిగా చెప్పారు. డీలిమిటేషన్ (నియోజకవర్గాల పునర్విభజన) చదివేటప్పుడు ఆ భాగం తప్పకుండా చూడు, పనికొస్తుంది.

ఇంకొకటి. చివరి సందేశం అంటే పదవి వదిలే వారంలోది అనుకోకు. ట్రూమన్ 1953లో, ఐసెన్‌హోవర్ 1961లో, కార్టర్ 1981లో అలా వెళ్తూ వెళ్తూ రాసి పంపారు. కార్టర్‌ది ముప్పై మూడు వేల పదాలు! రీగన్, క్లింటన్, ఒబామా మాత్రం తమ చివరి ప్రసంగాన్ని దిగడానికి ఇంకా ఏడాది ఉండగానే చేశారు.